హాకీ పుస్తకాలు రాస్తానంటున్న అమ్మాయిని ఏ కోర్సులో చేర్చాలి?

ప్రశ్న: మేం టొరంటోలో, స్కార్బరో వైపు ఉంటాం. మా అమ్మాయి పదకొండో గ్రేడ్. ఐస్ హాకీ ఆడదు గానీ ఆ ఆట చరిత్ర మీద పుస్తకాలు లైబ్రరీ నుంచి కట్టలకొద్దీ తెచ్చి చదువుతుంది. కంప్యూటర్ సైన్స్‌కి సరిపడా మార్కులున్నాయి. తనేమో హిస్టరీ చదివి హాకీ మీద పుస్తకాలు రాస్తానంటోంది. దాంతో బతకొచ్చా? – ఒక తండ్రి

జవాబు: ఉత్త పుస్తకాలతో అయితే బతకలేరు. లెక్క మీరే చూడండి. పేపర్‌బ్యాక్ మీద రచయితకు వచ్చే రాయల్టీ మామూలుగా ధరలో 8 శాతం, అటూ ఇటూగా. 25 డాలర్ల పుస్తకం 2,000 కాపీలు అమ్ముడైతే వచ్చేది 4,000 డాలర్లు. ఏజెంటు ఉంటే అందులో 15 శాతం ఏజెంటుకి పోతుంది. లైబ్రరీల్లో పుస్తకం ఉన్నందుకు కెనడా కౌన్సిల్ ‘పబ్లిక్ లెండింగ్ రైట్’ కింద ఏటా కొంత ఇస్తుంది. దాంతో ఇంటద్దె గడవదు.

అలాగని అమ్మాయి మాట కొట్టిపారేయకండి. తను చదువుతున్న పుస్తకాలు రాసినవాళ్ళకి నెల జీతం ఎక్కడినుంచి వచ్చిందో చూస్తే దారి దానంతటదే తెలుస్తుంది. హాకీ మీద వచ్చిన మంచి పుస్తకాల్లో మొదట చెప్పుకునే ‘ద గేమ్’ 1983లో వచ్చింది. రాసిన కెన్ డ్రైడెన్ మాంట్రియల్ కెనడియన్స్ గోల్‌కీపర్, ఆ జట్టుతో ఆరు స్టాన్లీ కప్పులు (లీగ్ విజేతకిచ్చే ట్రోఫీ) గెలిచినవాడు. కార్నెల్‌లో హిస్టరీ, మెగిల్‌లో లా చదివాడు. 1973-74 సీజన్ ఆట మానేసి టొరంటోలో ఒక లా ఆఫీసులో ఆర్టికిల్స్ (లాయరు కావడానికి చేసే శిక్షణ) చేశాడు. ‘గేమ్ మిస్‌కాండక్ట్’ (1995) రాసిన రస్ కాన్వే మసాచుసెట్స్‌లో లారెన్స్ అనే చిన్న ఊరి పేపర్లో స్పోర్ట్స్ ఎడిటర్. ఆటగాళ్ళ సంఘాన్ని పాతికేళ్ళు ఏలిన అలన్ ఈగిల్‌సన్ లెక్కలు తవ్వి తీశాడు. ఈగిల్‌సన్ 1998లో మోసం నేరం ఒప్పుకుని జైలుకెళ్ళాడు. కెనడాలోని దక్షిణాసియా కుటుంబాలకీ హాకీకీ ఉన్న సంబంధం మీద ‘చేంజింగ్ ఆన్ ద ఫ్లై’ (2020) రాసిన కోర్ట్‌నీ స్జేటో క్వీన్స్ యూనివర్సిటీలో ప్రొఫెసర్. ఒకరు లాయరు, ఒకరు విలేఖరి, ఒకరు టీచరు. పుస్తకం ఆ ఉద్యోగాల్లోంచి వచ్చింది. అందుకని అమ్మాయిని అడగాల్సింది ‘పుస్తకాలు రాస్తావా’ అని కాదు, ‘వీటిలో ఏ పని రోజూ చేయగలవు’ అని.

ఆ పని ఎలా ఉంటుందో ఒక ఉదాహరణతో చెప్తాను. నిర్వాహకులు ముందే ప్రకటించి, ఒక భవనం లోపల ఆడించిన మొదటి హాకీ ఆటగా అందరూ చెప్పేది 1875 మార్చి 3న మాంట్రియల్ విక్టోరియా స్కేటింగ్ రింక్‌లో జరిగింది. జేమ్స్ క్రైటన్ జట్టు 2-1తో గెలిచింది, వైపుకి తొమ్మిదిమంది. ఆ రోజు మాంట్రియల్ గెజెట్‌లో ముందస్తు వార్త ఉంది: బంతి ఎగిరి చూసేవాళ్ళకి తగులుతుందన్న భయం అక్కర్లేదు, గుండ్రంగా, బల్లపరుపుగా ఉండే చెక్కతో ఆడతారు అని. మర్నాటి గెజెట్, చూసినవాళ్ళు తృప్తిగా ఇళ్ళకి వెళ్ళారని రాసింది. కింగ్‌స్టన్‌లో వచ్చే డైలీ బ్రిటిష్ విగ్ పత్రిక మాత్రం తలలూ కాళ్ళూ పగిలాయి, బెంచీలు విరిగాయి, ఆడవాళ్ళు కంగారుగా బయటికి పరిగెత్తారు అని రాసింది. ఒకే రాత్రి, రెండు కథలు! గెజెట్ ఒక్కటే చూసినవాడు ‘మర్యాదస్తుల ఆట’ అని రాస్తాడు, విగ్ ఒక్కటే చూసినవాడు ‘పుట్టుకతోనే కొట్లాట’ అంటాడు. రెండూ చూసినవాడు మూడో కాగితం కోసం వెతుకుతాడు. ఆ వెతుకులాట విసుగనిపించకపోతే మీ అమ్మాయికి ఈ రంగం నప్పుతుంది.

ఇక్కడే చాలామంది దెబ్బతింటారు. ఒక పుస్తకంలో ఉన్న మాట రెండోదాంట్లోకి, దాంట్లోంచి మూడోదాంట్లోకి అలాగే ఎక్కుతుంది, మొదటి కాగితం ఎవరూ తెరవరు. ‘హాకీ ఫలానా ఊళ్ళో పుట్టింది’ అని కెనడాలో మూడు నాలుగు ఊళ్ళు తగువులాడుకున్నాయి. 2014లో గిడెన్, హౌడా, మార్టెల్ అనే ముగ్గురు పరిశోధకులు ఇంగ్లండ్ పాత పత్రికలు, ఉత్తరాలు తిరగేసి, మాంట్రియల్ కంటే చాలా ముందే అక్కడ మంచు మీద స్కేట్లు కట్టుకుని హాకీ ఆడేవారని చూపించారు. వాటిలో ఒకటి 1853లో చార్లెస్ డార్విన్ కొడుకుకి రాసిన ఉత్తరం. (మనకి హాకీ అంటే ధ్యాన్‌చంద్ ఆట. కెనడాలో మామూలుగా ‘హాకీ’ అంటే మంచు మీదదే. పాత ఇంగ్లిష్ పత్రికల్లో రెండూ ఒకే పేరుతో ఉంటాయి, ‘ఆన్ ద ఐస్’ అని ఉందో లేదో చూసుకోవాలి.)

ఇక చదువు సంగతి. పన్నెండో గ్రేడ్‌లో ఇంగ్లిష్‌తో పాటు ఫ్రెంచ్ (ఎఫ్ఎస్ఎఫ్4యు) వదలొద్దు. ఈ రంగంలో ఫ్రెంచ్ చదవలేని మనిషికి సగం కాగితాలు మూసే ఉంటాయి. డేటా మేనేజ్‌మెంట్ (ఎండీఎం4యు) తీసుకుంటే మంచిది, ఆట అంతా అంకెలే. ఒంటారియో యూనివర్సిటీలు చూసేది పన్నెండో గ్రేడ్‌లో ఆరు ఉత్తమ మార్కులు, హైస్కూలు పిల్లలకి దరఖాస్తు గడువు జనవరి మధ్యలో వస్తుంది. విలేఖరి వైపు మొగ్గితే ఒట్టావాలో కార్ల్‌టన్, టొరంటో మెట్రొపాలిటన్ జర్నలిజం కోర్సులు. టొరంటో మెట్రొపాలిటన్‌లోనే స్పోర్ట్ మీడియా డిగ్రీ ఉంది, కానీ అది ఎక్కువగా ప్రసారం, కెమెరా వైపు. పుస్తకం రాయాలనుకునేవాళ్ళకి నేనైతే అది చెప్పను. పరిశోధన వైపు మొగ్గితే హిస్టరీ, కానీ కో-ఆప్ (చదువు మధ్యలో జీతంతో ఉద్యోగం చేసే పద్ధతి) ఉన్నచోట. వాటర్లూలో ఆర్ట్స్ పిల్లలకి కూడా కో-ఆప్ ఉంది, డిగ్రీ అయ్యేసరికి జీతం తీసుకున్న అనుభవం చేతిలో ఉంటుంది. తర్వాత టొరంటో యూనివర్సిటీలోనో మెగిల్‌లోనో రెండేళ్ళ ఇన్ఫర్మేషన్ మాస్టర్స్ ఆర్కైవ్స్ (పాత రికార్డులు భద్రపరిచే పని) వైపు చేస్తే ప్రభుత్వ, బ్యాంకు, యూనివర్సిటీ రికార్డుల ఉద్యోగాలుంటాయి. మీ ఇల్లు గడవాలన్న భయానికి నా జవాబు అదే. కంప్యూటర్ సైన్స్‌లోకి బలవంతంగా నెడితే ఇష్టం లేక రెండో ఏడు మానేసే ప్రమాదం ఉంది, అది అన్నిటికంటే ఖరీదు.

అమ్మాయికి తెలుగు బాగా వస్తే అదొక పెట్టుబడి. హాకీ నైట్ పంజాబీ ప్రసారం 2008లో మొదలైంది, పంజాబీ ఇళ్ళ కథ పుస్తకాల్లోకి ఎక్కింది. తెల్లవారుజామున పిల్లల్ని రింక్‌కి దింపే తెలుగు అమ్మానాన్నల మాటలు రికార్డు చేయడం తన చేతిలో పని. ముందు సంతకంతో అనుమతి తీసుకోవాలి. గంట రికార్డింగ్‌ని అక్షరాల్లో పెట్టడానికి నాలుగు నుంచి ఆరు గంటలు పడుతుంది, ఆ టైమ్ వేసుకోకపోతే టేపులు మూలపడతాయి. హైస్కూల్లో ఎలాగూ 40 గంటల సేవ పూర్తిచేయాలి కదా, అవి ఊరి మ్యూజియంలో కాగితాలు సర్దే పనిలో చేస్తే రెండు పనులూ అవుతాయి.

పుస్తకం దాకా వచ్చినప్పుడు జరిగే తప్పులు రెండు మాత్రం ఇప్పుడే చెప్పి ఉంచండి. నాన్‌ఫిక్షన్‌కి మొత్తం రాతప్రతి పంపక్కర్లేదు. విషయం రెండు పేజీల్లో, అధ్యాయాల వారీ సారాంశం, ఒకటి రెండు నమూనా అధ్యాయాలు, ఇప్పటికే ఉన్న పుస్తకాలకి ఇది ఎలా వేరో చెప్పే పేజీ, ఇవి పంపితే చాలు. ‘మేపుల్ లీఫ్స్ (టొరంటో హాకీ జట్టు) చరిత్ర’ అంత పెద్ద విషయం పంపితే తిరిగొస్తుంది, ‘ఒక సీజన్, ఒక కోర్టు కేసు’ అయితే చదువుతారు. రెండోది ఫోటోలు. కెనడాలో 1949కి ముందు తీసినవాటికి సాధారణంగా కాపీరైట్ ఉండదు, ఆ తర్వాతవాటికి అనుమతీ డబ్బూ రెండూ కావాలి. ఆఖర్లో అడిగితే పుస్తకం ఆగిపోతుంది.

ఇప్పుడు మార్చి బ్రేక్‌లో చేయించాల్సింది. 1955 మార్చి 17న మాంట్రియల్ ఫోరం దగ్గర అల్లరి జరిగింది. మాంట్రియల్ కెనడియన్స్ ఆటగాడు మోరీస్ రిషార్‌ని ఆ సీజన్ మిగతా ఆటల నుంచీ ప్లేఆఫ్స్ నుంచీ లీగ్ అధ్యక్షుడు క్లారెన్స్ క్యాంప్‌బెల్ తప్పించడం దానికి కారణం. టొరంటో పబ్లిక్ లైబ్రరీ కార్డు మీద టొరంటో స్టార్ పాత సంచికలు ఇంట్లోంచే చదవొచ్చు. క్యూబెక్ జాతీయ లైబ్రరీ సైట్‌లో మాంట్రియల్ ఫ్రెంచ్ పేపరు ‘ల దెవ్వార్’ ఉచితం. ఆ వారం రెండు పేపర్లూ చదివి, దేంట్లో ఎవరిని తప్పుపట్టారో, ఏ వివరం ఒకదాంట్లో ఉండి రెండోదాంట్లో లేదో ఒక్క పేజీలో రాయమనండి. ఫ్రెంచ్‌కి నిఘంటువు చూసుకోవచ్చు, వారం గడువు చాలు. ఆ పేజీ నాకు పంపితే కార్ల్‌టనా వాటర్లూనా అన్నది అప్పుడు మాట్లాడుకుందాం.