బాబ్ రాస్ మీద మీ ప్రశ్నలు, నాకు తోచిన జవాబులు

అరగంట టీవీ కార్యక్రమంలో కొండ, చెరువు, రెండు చెట్లు వేసి చూపించే అమెరికన్ పెయింటర్ బాబ్ రాస్ గురించి ఈసారి చాలా ప్రశ్నలొచ్చాయి. అన్నింటికీ చోటు లేదు, కొన్ని ఏరాను.

మా పిల్లలు యూట్యూబ్‌లో ఈయన వీడియో పెట్టుకుని నిద్రపోతున్నారండీ. గుబురు జుట్టు, జోలపాట లాంటి గొంతు. పుట్టుకతోనే ఇంత నెమ్మదస్తుడా? (గృహిణి, తణుకు)

అబ్బే, అదే తమాషా. ఈయన 20 ఏళ్లు అమెరికా వైమానిక దళంలో పనిచేసి సార్జెంట్‌గా రిటైరయ్యాడు. మరుగుదొడ్లు కడిగించడం, పక్క సరిగా సర్దలేదని కేకలెయ్యడం, ఆలస్యంగా వచ్చినవాణ్ణి నిలదీయడం, ఇవీ ఆయన పనులు. ఇందులోంచి బయటపడితే మళ్లీ ఎవరి మీదా అరవకూడదు అనుకున్నానని తర్వాత తనే చెప్పుకున్నాడు. అంటే మీ పిల్లలు వింటున్నది పట్టుబట్టి తెచ్చుకున్న గొంతు.

1942లో ఫ్లోరిడాలో పుట్టాడు. తండ్రి వడ్రంగి. తొమ్మిదో తరగతితో బడి మానేసి తండ్రితో పనికెళ్తే ఎడమ చూపుడువేలు కొంత తెగిపోయింది. ఆ చేత్తో పాలెట్ (రంగులు కలుపుకునే పలక) పట్టుకుంటాడు కాబట్టి మనం చూడం. 1961లో ఎయిర్‌ఫోర్స్‌లో చేరాక అలాస్కా పంపారు. సముద్రపు ఒడ్డున పుట్టినవాడికి మంచుకొండలు కనిపించింది అక్కడే, ఇక జన్మంతా అవే వేశాడు.

నా విద్యార్థులు ఈ పద్ధతిని ఆయనే కనిపెట్టాడనుకుంటున్నారు. నిజమేనా? (డ్రాయింగ్ మాస్టారు, ఖమ్మం)

కాదు మాస్టారూ. కింది రంగు ఆరకుండానే దానిమీద ఇంకో రంగు వెయ్యడం యూరప్‌లో వందల ఏళ్లుగా ఉన్నదే. 1970ల్లో దాన్ని టీవీకి తెచ్చినవాడు జర్మన్ పెయింటర్ బిల్ అలెగ్జాండర్. రాస్ అలాస్కాలో ఉద్యోగంతో పాటు ఒక బార్‌లో కూడా పనిచేసేవాడు, అక్కడి టీవీలోనే ఆయన్ని చూశాడు. భోజన విరామంలో గబగబా బొమ్మలు వేసి, బంగారం జల్లించే పళ్లేల మీద కూడా కొండలు వేసి టూరిస్టులకు అమ్మేవాడు. 1981లో రిటైరయ్యాక అలెగ్జాండర్ కంపెనీ తరఫునే ఊరూరా తిరిగి పాఠాలు చెప్పాడు. తర్వాత శిష్యుడి పేరే మోగిపోయింది. నా పద్ధతినే కాపీ కొట్టాడని గురువు బాహాటంగానే నొచ్చుకున్నాడు. ఆ బాధలో న్యాయం ఉందనే నేనంటాను.

స్టేషనరీ షాపులో ఆయిల్ కలర్స్ కొని ఆయన చెప్పినట్టే చేశాను. కొండ మీద మంచు వేద్దామంటే మొత్తం బూడిదరంగు బురదైపోయింది. నా చెయ్యి మంచిది కాదా? (ఇంజనీరింగ్ విద్యార్థి, నిజామాబాద్)

నీ చేతికేం బాబూ, ట్యూబుది తప్పు. ఈ పద్ధతికంతా ఒకటే సూత్రం: కింద గట్టి రంగు ఉండాలి, పైన వేసేది పల్చగా ఉండాలి. మనకు దొరికే చవక ట్యూబుల్లోంచి నూనె కారుతుంటుంది. రెండు పల్చని రంగులు కలిస్తే బురద కాక ఏమవుతుంది? కొండకు వేసే రంగును ఒక అట్టముక్క మీద పిండి కాసేపు వదిలెయ్యి, అట్ట నూనె పీల్చుకుంటుంది. ఇక కాన్వాస్‌కు ముందు పూసే తెల్లటి పూత. ఆయన "లిక్విడ్ వైట్" అనేది అదే. అందరూ దాన్ని దోసెకు వెన్న రాసినట్టు రాసేస్తారు. అంత వద్దు. వేలు ఆనిస్తే నీ వేలిముద్ర గీతలు కనబడాలి, అంత పల్చన చాలు.

మంచు వేసేటప్పుడు తెల్లరంగును పాలెట్ మీద పల్చగా సాగదీసి, నైఫ్ (రంగు పూసే రేకు కత్తి) అంచుకు సన్నటి చుట్టలా ఎత్తుకో. కొండ వాలు మీద ఆనీ ఆననట్టు జార్చు. కాస్త నొక్కావో, అయిపోయింది. రంగు అక్కడక్కడా తెగి కింది నలుపు కనబడితేనే అది మంచు. అన్నట్టు అక్రిలిక్‌తో (నీళ్లతో కలిపే రంగు) మాత్రం ప్రయత్నించకు, చూస్తుండగానే ఆరిపోతుంది.

థిన్నర్‌లో (ఆయిల్ రంగును కరిగించే ద్రవం) కడిగిన బ్రష్‌ని ఆయన ఈజిల్ (కాన్వాస్ నిలబెట్టే స్టాండు) కాలుకేసి టపటపా కొట్టి నవ్వుతాడు చూడు, ఆ నవ్వు కోసం కాదు, బ్రష్ పొడిగా లేకపోతే మళ్లీ బురదే. నేనూ మొదటిసారి అలాగే కొడితే కొత్తగా సున్నం వేసిన గోడంతా నీలం చుక్కలు పడ్డాయి. అమ్మ రెండు రోజులు మాట్లాడలేదు. బకెట్లో కొట్టు.

ఇంకో సంగతి. ప్రతి ఎపిసోడ్‌కూ ఆయన అదే బొమ్మను మూడుసార్లు వేసేవాడు. ముందొకటి వేసుకుని కెమెరాకు కనబడకుండా పక్కన పెట్టుకుని దాన్ని చూస్తూ మన ముందు రెండోది వేసేవాడు, పుస్తకం కోసం మూడోది. నీ మొదటి బొమ్మను ఆయన రెండో దానితో పోల్చుకుని ఎందుకు టెన్షన్ పడతావు?

అన్ని ఎపిసోడ్లకు ఎంత ముట్టి ఉంటుంది? (బ్యాంకు ఉద్యోగి, విశాఖ)

ఎపిసోడ్లకైతే సున్నా. 1983 జనవరి నుంచి 1994 మే దాకా 31 సీజన్లు, 403 ఎపిసోడ్లు, అన్నీ విరాళాలతో నడిచే పబ్లిక్ టీవీకి ఉచితమే. సంపాదన రంగులు, బ్రష్‌లు, పుస్తకాలు, క్లాసుల మీద. ఆ వ్యాపారం వెనక ఉన్నది కొవాల్స్కీ దంపతులు. కారు ప్రమాదంలో కొడుకు పోయిన దుఃఖంలో ఉన్న ఆనెట్‌ కొవాల్స్కీ 1982లో ఆయన క్లాసుకు వెళ్లి, ఆ మాటతీరుకు తేరుకుని, భర్తతో కలిసి కంపెనీ పెట్టించింది. కటింగ్ ఖర్చు మిగులుతుందని రాస్ జుట్టు రింగులు తిప్పించుకుంటే అది కాస్తా డబ్బాల మీద లోగో అయి కూర్చుంది, విసుగొచ్చినా తీయించుకోలేకపోయాడు. 1995లో 52 ఏళ్లకే లింఫోమా అనే క్యాన్సర్‌తో పోయాడు. పేరు, రూపం ఎవరివన్న తగాదా మిగిలింది. కొడుకు స్టీవ్ పక్షం 2017లో కోర్టుకెళ్తే తీర్పు కంపెనీ వైపే వచ్చింది. తండ్రి పేరు వాడుకునే హక్కు కొడుక్కి లేకపోవడం నాకు మింగుడుపడదు.

అసలు బొమ్మ ఒకటి కొనాలంటే? (న్యూజెర్సీ నుంచి ఒక పాఠకుడు)

కష్టమే. వెయ్యికి పైగా బొమ్మలు వర్జీనియాలోని కంపెనీ ఆఫీసులో అట్టపెట్టెల్లో ఉన్నాయని 2019లో బయటపడింది. ఆయనకు బొమ్మ అమ్మడం కన్నా మీచేత వేయించడం ముఖ్యం. 2025లో మాత్రం పబ్లిక్ టీవీ స్టేషన్లకు సాయంగా 30 బొమ్మలు వేలానికిచ్చారు. నవంబర్‌లో మూడు అమ్మితే 6 లక్షల డాలర్లు దాటింది. ఆ డబ్బుతో బోలెడు ట్యూబులొస్తాయి, మీరే వేసుకోండి.

ఆయన దగ్గరుండే ఉడుత నిజందా? (ఆరో తరగతి, అనంతపురం)

నిజందే నాన్నా. పేరు పీపాడ్. నువ్వు మాత్రం పెరట్లో ఉడుతను పట్టుకోకు, కరుస్తుంది.