మేనమామని బాబాయిని చేశావు

తమ్ముడూ,

పశ్చిమ ఆఫ్రికా అకాన్ జనం నీతి మీద నువ్వు రాసిన వ్యాసం అందింది. ఏడో పేజీ దాకా హాయిగానే చదివాను. అక్కడ "అకాన్ కుటుంబాల్లో బాబాయి ఆస్తి అన్న కొడుక్కి చెందుతుంది" అని రాశావు చూడు, కళ్లజోడు తీసి బల్లమీద పెట్టేశాను.

ఏ ఇంగ్లీషు పుస్తకంలోనో 'అంకుల్', 'నెఫ్యూ' అని చదివి ఉంటావు. ఆ భాషకి వేరే గతి లేదు పాపం, నాన్న తమ్ముడైనా అమ్మ తమ్ముడైనా అంకులే. మనకేం కర్మ? అకాన్ వాళ్లనే మాట 'వొఫా'. అమ్మకి తోడబుట్టినవాడు. మేనమామ. అవతలివాడికి మేనల్లుడనే మాట మన నోట్లో రెడీగా ఉంది. దాన్ని ఇంగ్లీషులోంచి దింపుకోబోయి వ్యవస్థనంతా తలకిందులు చేశావు.

చుట్టరికం ఒక్కటే తప్పితే పెన్సిలుతో దిద్ది ఊరుకుందును. కానీ అకాన్ నీతి సగం ఈ చుట్టరికంలోనే ఉంది. ఘనాలో అశాంటి, ఫాంటి, అచెం, పక్కన ఐవరీ కోస్టులో బవులే, వీళ్లంతా అకాన్ జనమే. వీళ్ల లెక్కలో బిడ్డకి నెత్తురు, అంటే 'మొజా', తల్లి నుంచి వస్తుంది. ఆ నెత్తురుతోనే 'అబుసువా', తల్లివైపు వంశం. తండ్రి నుంచి వచ్చేది 'న్‌తొరొ', ఒక రకమైన ఆత్మబలం. దేవుడైన న్యామె ఇచ్చేది 'ఒక్రా', ప్రాణం. కాబట్టి తండ్రి ఎంత దగ్గరివాడైనా బిడ్డ అబుసువాలో మనిషి కాడు. పాత ఆచారంలో మగవాడు చనిపోతే ఆస్తి ఒకే తల్లి కడుపున పుట్టిన తమ్ముడికి, ఆ తర్వాత అక్కచెల్లెళ్ల కొడుకులకి. సొంత కొడుకులకి కాదు.

ఇక్కడే నీ వ్యాసానికి అసలు ప్రాణం దొరికి ఉండేది. కోకో తోటలొచ్చాక ఏమైందో చూడు. భార్యా పిల్లలూ ఏళ్ల తరబడి మొగుడి తోటలో చాకిరీ చేస్తారు. అతను పోగానే తోట మేనల్లుడిదైపోతుంది. ఎవరి పట్ల ఎవరికి బాధ్యత? నెత్తురు పట్లా, చెమట పట్లా? ఆ తగువు తీర్చడానికి ఘనాలో 1985లో అప్పటి సైనిక ప్రభుత్వం తెచ్చిన పీఎన్‌డీసీ చట్టం 111 వచ్చింది. వీలునామా రాయకుండా పోయినవాడి ఇల్లూ ఇంటి సామానూ భార్యాపిల్లలవి. మిగిలిన ఆస్తిని పదహారు వాటాలనుకో. 3 భార్యకి, 9 పిల్లలకి, 2 బతికున్న తల్లికో తండ్రికో, 2 ఆచారం ప్రకారం, అంటే అబుసువాకి. వంశం ఉమ్మడి ఆస్తి జోలికి ఈ చట్టం పోదు, సొంతంగా సంపాదించిన దానికే. 'సమష్టి జీవనం' అని నువ్వు మూడు పేజీలు ఊదరగొట్టావే, దానికి బదులు ఈ పదహారు వాటాల్ని ఒక్క పేరాలో పెట్టు. సమష్టికి ఎంత, సొంత సంసారానికి ఎంత అని ఒక దేశం కూర్చుని లెక్క కట్టిన కాగితం అది.

ఇక 'అకాన్ ధర్మశాస్త్రం' అన్న నీ శీర్షిక. తీసెయ్. ధర్మం అన్న మాట మన దగ్గర చెరువు లాంటిది, ఏది వేసినా మునుగుతుంది. కులధర్మం, రాజధర్మం, ధర్మాసుపత్రి అన్నీ అందులోవే. అకాన్‌లో నీతి గురించి మాట్లాడాలంటే 'సుబాన్' అంటారు, నడత. ఒకడికి నీతి లేదనాలంటే 'వాడికి మంచి సుబాన్ లేదు' అంటారు. ఘనా తాత్వికుడు క్వామె జెచె 1987లో అచ్చయిన తన పుస్తకంలో ఈ మాటనే పట్టుకున్నాడు. అకాన్ నీతి నియమాల జాబితా మీద నిలబడలేదు, మనిషి నడత మీద నిలబడింది అంటాడు. నడత కూడా పుట్టుకతో వచ్చేసేది కాదు, చేసిన పనులు గట్టిపడగా ఏర్పడేది. అందుకే చెడ్డవాణ్ని తప్పుపట్టే హక్కు మనకుంటుంది.

సుబాన్ పక్కనే పెట్టాల్సిన మాట 'ఒనిపా'. మనిషి. ఎవడైనా తల్లిని చూడకపోయినా, ఇంటి బాధ్యత పట్టకపోయినా, ఆపదలో ఉన్నవాణ్ని దాటుకుపోయినా 'ఒన్యె ఒనిపా' అంటారు. వాడు మనిషి కాడు. ఇది తెలుగువాడికి విప్పి చెప్పాలా? రోజూ అనేమాటే కదా, 'వాడసలు మనిషేనా' అని. నువ్వు మాత్రం 'వ్యక్తిత్వ భావన యొక్క ప్రమాణాత్మక పార్శ్వం' అని రాశావు. ఎవరి కోసం తమ్ముడూ?

ఈ మాట మీద పెద్ద తగువే ఉంది, దాన్ని వదిలేశావు. నైజీరియా తాత్వికుడు ఇఫెయాని మెన్‌కిటి 1984లో ఏమన్నాడంటే, మనిషితనం సంఘంలో పెరుగుతూ సంపాదించుకునేది, పసిబిడ్డకి అదింకా రాలేదు అని. జెచె ఒప్పుకోడు. ఒక్రా ఉన్న ప్రతివాడూ పుట్టుకతోనే మనిషి, సంఘం అతన్ని తయారుచేసి ఇచ్చేది కాదు. 'మనిషి కాడు' అనేది నడత మీద తీర్పు మాత్రమే. మనమూ అంతేగా, మనిషివేనా అని తిట్టినవాడికి రేషన్ కార్డు తీసెయ్యం. ఇంకో ఘనా తాత్వికుడు క్వాసి విరెడు ఒనిపా అన్న మాటకే రెండు అర్థాలున్నాయని తేల్చాడు. ఒకటి పుట్టిన ప్రతివాడికీ ఉండేది, రెండోది పనుల వల్ల పెరిగేదీ తరిగేదీ. ఈ ముగ్గుర్నీ ఎదురెదురుగా కూర్చోబెట్టి రాయి. నీ వ్యాసంలో అందరూ ఒకే గొంతుతో మాట్లాడుతున్నారు, భజనలోలాగా.

'ఉబుంటు' పదకొండుసార్లు వచ్చింది, లెక్కపెట్టాను. అది దక్షిణాఫ్రికా వైపు న్గూని భాషల మాట, సాటి మనుషుల వల్లే మనిషి మనిషవుతాడని. అకాన్ వాళ్లది కాదు. ఆఫ్రికా అంటే ఒకే ఊరు, దానికి ఒకే సూక్తి అనుకునే అలవాటు మన సంపాదకులది. పేజీ అడుగున మూడు అంగుళాలు ఖాళీ ఉంటే అక్కడో 'ఆఫ్రికా సామెత' పడేస్తారు. ఏ భాషదో ఉండదు, ఎవరు ఎవర్ని ఎందుకన్నారో ఉండదు. మేనేజిమెంటు క్లాసుల వాళ్లు వచ్చాక ఇంకా పాడైంది. నువ్వు వాళ్ల దారిన పోకు.

సామెతకో పద్ధతుంది. ముందు ఆ భాషలోనే రాయి. కింద మాటకి మాట పెట్టు. ఆ తర్వాత ఏ సందర్భంలో అంటారో చెప్పు. చివరికి దానికి ఎదురు నిలిచే ఇంకో సామెత వెతుకు. అలా చెయ్యకపోవడం వల్లే తొమ్మిదో పేజీలో పప్పులో కాలేశావు. 'ఒబీ న్‌చెరె అబొఫ్రా న్యామె'. ఒబీ అంటే ఒకరు, న్ అంటే కాదనడం, చెరె చూపడం, అబొఫ్రా పిల్లవాడు, న్యామె దేవుడు. పసివాడికి దేవుణ్ని ఎవరూ చూపరు. వెల్లకిలా పడుకున్న బిడ్డకి ఆకాశం కనిపిస్తూనే ఉంటుందిగా! దేవుడి ఎరుక గురించిన మాట ఇది. దీన్ని పట్టుకుని 'వారి నీతికి మూలం దైవాజ్ఞ' అనేశావు. విరెడు, జెచె వేరే విషయాల్లో ఎంత కొట్టుకున్నా ఇక్కడ మాత్రం ఒకే మాట మీదుంటారు. అకాన్ వాళ్లకి ప్రవక్త లేడు, దిగివచ్చిన గ్రంథం లేదు. ఇక దేవుడి ఆజ్ఞ ఎక్కణ్నుంచి తెస్తావు? ఏది మంచి అంటే మనుషులకి మేలు చేసేది. దయ, ఆతిథ్యం, మాట మీద నిలబడటం. ఘోరమైన తప్పుల్ని 'ముసువో' అని వేరుగా ఉంచుతారు, ఆత్మహత్య, వావివరసలు తప్పడం లాంటివి. వాటికి దేవతల కోపం తోడవుతుంది. ఆ కోపం కాపలాకే. తప్పు తప్పవడానికి కారణం మాత్రం ఊరికి జరిగే కీడు.

ఇప్పుడు అదే 'చెరె' ఉన్న ఇంకో మాట చూడు. 'ఒబీ న్‌చెరె ఒబీ అసె'. అసె అంటే అడుగు, మొదలు. ఒకరి మొదలు ఇంకొకరు చూపకూడదు. అశాంటి రాజ్యంలో ఇది కట్టడి. ఎందుకొచ్చింది? బానిసలుగా తెచ్చినవాళ్లు, వాళ్ల సంతతి వంశాల్లో కలిసిపోయారు కాబట్టి. 'అందరూ దేవుడి బిడ్డలే, ఎవరూ మట్టి బిడ్డలు కారు' అన్న సామెతని నువ్వు బంగారు అక్షరాల్లో పెట్టావు. పెట్టు, గొప్ప మాటే. దాని పక్కనే ఇది కూడా పెట్టు. అందరూ దేవుడి బిడ్డలన్న నేలమీదే ఒకడి పుట్టుక దాచాల్సిన అవసరం పడింది. దాచడంలో దయ ఉంది, దాచాల్సిరావడంలో నేరం ఉంది. రెండూ రాయకపోతే నువ్వు పర్యాటక శాఖ కరపత్రం రాసినట్టే.

అకాన్ వాళ్ల మొసళ్ల బొమ్మ గురించి నువ్వు రాసిన పేరా బాగుంది. రెండు తలలు, రెండు తోకలు, ఒకటే పొట్ట. ఏ నోరు తిన్నా చేరేది అక్కడికే, అయినా రెండు నోళ్లూ కొట్లాడుకుంటాయి. 'ఐకమత్యానికి చిహ్నం' అని ముగించావే, ఆ ముక్క కొట్టెయ్. రుచి గొంతులో తెలుస్తుంది, పొట్టలో తెలియదు. ఎవడి గొంతు వాడిదే కాబట్టే కొట్లాట. జెచె ఈ బొమ్మలో ఉమ్మడి పొట్టతో పాటు విడివిడి తలల్ని కూడా చూశాడు. అబుసువా అడవి లాంటిది అనే సామెత దీనికి తోడు. దూరం నుంచి ఒకటే పచ్చటి ముద్ద, దగ్గరికెళ్తే ఏ చెట్టుకా చెట్టు.

పేర్లు కూడా సరిచెయ్. వాళ్ల రాతలో జి పక్కన వై ఉంటే జ, కె పక్కన వై ఉంటే చ. కాబట్టి 'గ్యెక్యే' కాదు, జెచె. 'వైర్‌డూ' కాదు, విరెడు. క్వామె శనివారం పుట్టినవాడు, క్వాసి ఆదివారం పుట్టినవాడు, ఇవి పుట్టిన వారాన్ని బట్టి పెట్టే పేర్లు. పాఠకుడికి ఒక్క వాక్యంలో చెప్పు, సంతోషిస్తాడు.

ముందుమాట ఎవరిచేత రాయించాలి, ఏ పత్రికకి పంపాలి అని అడిగావు. అవి తర్వాత. ముందు ఏడో పేజీ తిరగరాసి పంపు. వొఫా, మేనల్లుడు, కోకో తోట. ఆ తోటలో గొడ్డుచాకిరీ చేసిన భార్య ఒక్క చోటైనా కనిపించాలి.