కప్లర్ పిన్నుల గురించి మేనల్లుడికి ఒక లేఖ

చిరంజీవి మేనల్లుడికి,

మామయ్య ఆశీస్సులు. విజయవాడ ఆటోనగర్‌లో నీ షెడ్డుకు వచ్చిన కారు గురించి నీవు రాసిన ఉత్తరం అందింది. 2024 సెప్టెంబరు బుడమేరు వరదలో సీట్ల దాకా మునిగిన పెట్రోలు కారు అది. ఇంజను వేడెక్కాక ఉన్నట్టుండి ఆగిపోతుందనీ, చల్లారాక మళ్లీ స్టార్టవుతుందనీ, స్కానర్‌లో పీ0335 కోడు వస్తోందనీ, వేరే చోట రెండుసార్లు కొత్త క్రాంక్ సెన్సార్ (ఇంజను తిరుగుడును కనిపెట్టేది) వేయించినా కొద్దిరోజులకే అదే వరస అనీ రాసి, మూడో సెన్సార్ తెప్పించమంటారా అని అడిగావు. తెప్పించవద్దు. ఆ కోడుకు అర్థం క్రాంక్ సెన్సార్ సర్క్యూట్‌లో లోపం ఉందని మాత్రమే. సెన్సార్‌తో పాటు అక్కడి నుంచి ఈసీఎం (ఇంజను కంప్యూటర్) దాకా వెళ్లే తీగలూ, ఆ తీగలను కలిపే ప్లాస్టిక్ కప్లర్లూ, కప్లర్లలోని లోహపు పిన్నులూ ఆ సర్క్యూట్‌లో భాగాలే. రెండు సెన్సార్లు మారినా జబ్బు మారలేదంటే, మారకుండా మిగిలిన భాగాన్నే ముందు అనుమానించాలి.

ఇక్కడ నీవు గమనించవలసిన సంగతి ఒకటుంది. సెన్సార్ ఒంటికి ఉండేవి సాధారణంగా మగ పిన్నులు. వాటిని పట్టుకునే ఆడ పిన్నులు వైరింగ్ వైపు కప్లర్‌లో ఉంటాయి. సెన్సార్ మార్చిన ప్రతిసారీ మగ పిన్ను కొత్తది వస్తుంది, ఆడ పిన్ను మాత్రం పాతదే ఉండిపోతుంది. కొత్త పిన్ను దూరేటప్పుడు పాత దానిపై పేరుకున్న మలినాన్ని కాస్త గీరివేయడం వల్ల కొన్నాళ్లు బండి బాగానే నడుస్తుంది, పార్టు మార్చడమే సరైన వైద్యమని యజమానీ మెకానిక్కూ ఇద్దరూ నమ్ముతారు. ఊరికే ఒకసారి కప్లర్ ఊడదీసి మళ్లీ పెట్టినా అదే ఫలితం కనబడేది. మన వృత్తిలో మంచి పార్టులు అన్యాయంగా చెత్తబుట్టలోకి వెళ్లడానికి ఇంతకంటే పెద్ద కారణం నాకు కనబడలేదు.

పిన్ను ఎలా పాడవుతుందో తెలిస్తే ఎక్కడ వెతకాలో తెలుస్తుంది. ఆడ పిన్ను లోపల సన్నని స్ప్రింగు నాలుక ఉంటుంది, అది మగ పిన్నును అదిమి పట్టినంత కాలమే కరెంటు సాఫీగా ప్రవహిస్తుంది. ఇంజను అదురుకు రెండు పిన్నులూ కంటికి కనబడనంత కొద్దిగా ఒకదానిపై ఒకటి రాసుకుంటూ ఉంటే, వాటిపై ఉండే తగరపు పూత అరిగి, అరిగిన పొడి గాలికి ఆక్సైడుగా మారి, తాకే చోటనే నల్లటి పొరగా పేరుకుంటుంది. ఆ పొర కరెంటును ఆపుతుంది, వదులుతుంది, మళ్లీ ఆపుతుంది. అందుకే ఈ జబ్బు షెడ్డుకు వచ్చినప్పుడు దాక్కొని రోడ్డు మీద బయటపడుతుంది. వేడికి ప్లాస్టిక్కూ లోహమూ వేర్వేరుగా వ్యాకోచిస్తాయి కనుక, చల్లగా ఉన్నప్పుడు అంటీ అంటనట్టున్న పిన్నులు వేడెక్కాక విడిపోవడం వింతేమీ కాదు. నీ కారు లక్షణం దీనికి సరిగ్గా సరిపోతోంది.

వరద నీరు చేసే చెరుపు ఇంకో రకం. చిరిగిన సీలు దగ్గర చేరిన నీరు తీగ పోగుల సందుల్లోంచి తొడుగు లోపలికి పాకుతుంది. బయటికి కప్లర్ శుభ్రంగా ఆరిపోయినట్టే కనబడుతుంది, లోపల నెలల తరబడి రాగి చిలుమెక్కుతూనే ఉంటుంది. ఇవి కాక మనుషులు చేసే పాడు ఉంది: మల్టీమీటర్ మొనను ఆడ పిన్నులోకి ముందు నుంచి గుచ్చితే, ఆ లావుకు స్ప్రింగు నాలుక వెనక్కి వంగి ఇక తిరిగి రాదు. 0.64 మిల్లీమీటర్ల పిన్నుకు అమర్చిన నోట్లో రెండు మిల్లీమీటర్ల మొన దూర్చితే జరిగేది అదే. పరీక్షించడానికని మొదలుపెట్టిన పనే కొత్త జబ్బును తెచ్చిపెడుతుంది. నీ షెడ్డులో ఈ పనిని ఎవరు చేసినా ఆ క్షణమే ఆపించు.

ఇప్పుడు వెతికే పద్ధతి చెబుతాను. బ్యాటరీ నెగటివ్ తీసి, కప్లర్ లాకు నొక్కి, తీగలను పట్టి లాగకుండా ప్లాస్టిక్ ఒంటినే పట్టుకొని ఊడదీయి. టార్చి వెలుగులో భూతద్దంతో చూడు. పిన్నులన్నీ ఒకే లోతులో ఉన్నాయా? ఒకటి వెనక్కి జారి ఉంటే దాని లాకు పడలేదన్నమాట. పచ్చటి చిలుము, నల్లటి మచ్చ, గోధుమ రంగుకు తిరిగిన ప్లాస్టిక్, నలిగిన సీలు, నూనె తడి, వీటిలో ఏది కనబడినా రాసి పెట్టుకో. ఒక్కో తీగను వెనక నుంచి మెల్లగా లాగి చూడు; తొడుగు రబ్బరులా సాగితే లోపల పోగులు తెగిపోయాయని అర్థం.

కంటికి ఏమీ కనబడకపోతే కొలత వైపు వెళ్లాలి, ఇక్కడే చాలామంది దారి తప్పుతారు. తీగలో ఇరవై పోగులకు పందొమ్మిది తెగి ఒక్కటి మిగిలినా, ఆ చివర మీటరు పెడితే 12.6 వోల్టులు నిక్షేపంగా చూపిస్తుంది. మీటరు లోపలి నిరోధం సాధారణంగా 10 మెగా ఓములు ఉండటం వల్ల అది తీసుకునే కరెంటు దాదాపు శూన్యం, అంత స్వల్పమైన కరెంటును మోయడానికి ఒక్క పోగు చాలు. తీగ తెగలేదని మీటరు చేసే కంటిన్యూటీ బీప్ కూడా ఇలాగే మోసం చేస్తుంది. అందువల్ల సర్క్యూట్ పనిచేస్తుండగా, లోడు మీద ఉండగా, కప్లర్‌కు ఇటూ అటూ మీటరు మొనలు పెట్టి ఆ ఒక్క కీలు దగ్గర ఎన్ని వోల్టులు పోతున్నాయో కొలవాలి. హెడ్‌లైటు, ఫ్యాను, పెట్రోలు పంపు వంటి వాటిలో ఒక కప్లర్ దగ్గర 0.1 వోల్టు దాటితే నేను ఒప్పుకోను. ఎర్త్ వైపు మొత్తం కలిపినా అదే హద్దు. సెన్సార్ ఎర్త్ అయితే 0.05 వోల్టు లోపే ఉండాలి.

ఈ లెక్క హెడ్‌లైటులో బాగా తెలుస్తుంది. 60 వాట్ల హెచ్4 బల్బు సుమారు 5 ఆంపియర్లు తీసుకుంటుంది. పిన్ను దగ్గర 0.2 ఓము నిరోధం పెరిగితే చాలు, అక్కడే ఒక వోల్టు పోయి, వెలుతురు దాదాపు పావు వంతు తగ్గి, 5 వాట్ల వేడి ఆ చిన్న ప్లాస్టిక్ కప్లర్‌లోనే పుడుతుంది. అదే కప్లర్‌కు వంద వాట్ల బల్బు తగిలిస్తే వేడి ఇంచుమించు మూడింతలవుతుంది. కరిగిన హెడ్‌లైటు కప్లర్‌కు పిన్ను మాత్రమే మార్చి పంపడం పని సగంలో వదిలేయడమే. బల్బు ఎన్ని వాట్లదో కూడా చూడాలి.

సెన్సార్ తీగలకు మాత్రం టెస్ట్ ల్యాంపు నేరుగా పెట్టవద్దు, ఈసీఎం కాలిపోవచ్చు. బ్యాటరీ నెగటివ్ తీసి, సెన్సార్ వైపూ ఈసీఎం వైపూ రెండు కప్లర్లూ ఊడదీసి, ఆ తీగ వేరే సెన్సార్లకు కూడా చీలి వెళుతున్నదేమో సర్క్యూట్ డయాగ్రమ్‌లో చూసి ఉంటే వాటినీ విడదీసి, తీగ రెండు చివరలా ఏదీ మిగలలేదని నిశ్చయించుకున్నాకే, విడిగా ఒక బ్యాటరీతో 5 వాట్ల బల్బును ఆ తీగ గుండా వెలిగించి చూడు. బల్బు పూర్తిగా వెలుగుతూ, తీగను పొడవునా కదిపినా మినుకుమనకపోతే తీగా, తీగకు పిన్నును నొక్కి బిగించిన క్రింపూ బాగున్నట్టు. తీగ చివరను అందుకోవడానికి అదే కొలత మగ పిన్ను ఉన్న ముక్క తీగ వాడాలి గాని మీటరు మొన కాదు.

పిన్ను పట్టు సంగతి దీనితో తేలదు. దానికి అదే సైజు కొత్త మగ పిన్నును ఒక్కొక్క ఆడ పిన్నులోకి విడివిడిగా దూర్చి మెల్లగా వెనక్కి లాగాలి. పక్క పిన్నుల దగ్గర చేతికి తెలిసే బిగువు ఒకదాని దగ్గర తెలియకపోతే దొంగ దొరికినట్టే. మీటరు ఏదీ చెప్పలేని విషయాన్ని ఈ పరీక్ష వేళ్లకు చెబుతుంది. నాకు దీని మీద ఉన్నంత నమ్మకం మరి దేని మీదా లేదు. నీ క్రాంక్ సెన్సార్ కప్లర్‌లో మూడు పిన్నులు ఉంటే మూడింటినీ ఇలా చూడు, తరువాత ఈసీఎం కప్లర్‌లో ఆ తీగలు చేరే పిన్నులను చూడు. ఆపైన కప్లర్లన్నీ మళ్లీ పెట్టి, ఇంజను నడుస్తుండగా స్కానర్‌లో ఆర్‌పీఎం చూస్తూ ఆ తీగలను కదుపు, ఫ్యానుకూ బెల్టుకూ చేయి దూరంగా ఉంచు. కప్లర్‌కు హెయిర్ డ్రయర్‌తో మెత్తగా వేడి పట్టించినప్పుడు ఆర్‌పీఎం ఒక్కసారి సున్నాకు పడితే ఇక సందేహం అక్కర్లేదు.

పిన్ను మార్చాలని తేలాక తొందరపడకు. పిన్నులు చూడటానికి ఒకేలా ఉంటాయి గాని 0.64, 1.5, 2.8, 6.3 మిల్లీమీటర్ల వంటి వేర్వేరు కొలతల్లో వస్తాయి, లాకు పడే తీరు కూడా తయారీదారును బట్టి మారుతుంది. పాత పిన్నును వెంట తీసుకెళ్లి పక్కన పెట్టి పోల్చి కొను. పూతను కూడా చూడు: తగరపు పూత మగ పిన్నుకు తగరపు ఆడ పిన్నే ఉండాలి, బంగారు పూతకు బంగారు పూతే. ఖరీదైనది కదా అని ఒక వైపు మాత్రమే బంగారు పూత వేస్తే తగరపు వైపు ఇంకా త్వరగా పాడవుతుంది. ఎమరీ పేపరుతో పిన్నును రుద్దే అలవాటు కూడా మానిపించు. కళాయి పోయిన ఇత్తడి గిన్నెలా అది కొద్దిరోజుల్లోనే మళ్లీ చిలుమెక్కుతుంది. తేలికపాటి మలినమైతే ప్లాస్టిక్‌కు హాని చేయని కాంటాక్ట్ క్లీనర్ చాలు. దానితో పోనిదైతే పిన్ను మార్చవలసిందే.

పిన్ను ఊడదీసేటప్పుడు ముందుగా కప్లర్‌కు ఉన్న రెండో లాకును, సాధారణంగా వేరే రంగులో ఉండే ఆ ప్లాస్టిక్ ముక్కను, దాని హద్దు వరకే జరపాలి. ఏ రంగు తీగ ఏ గదిలో ఉందో ఫోటో తీసి పెట్టుకో. తరువాత తీగను లోపలికి కొద్దిగా నెట్టి, లాకు నాలుక మీద బరువు తగ్గించి, సరైన పిన్ రిమూవర్‌ను దూర్చి తీగను వెనక్కి మెల్లగా లాగితే పిన్ను దానంతట అదే జారి వస్తుంది. రాకపోతే బలం పెంచకు. రిమూవర్ సరైన చోట పడలేదని అర్థం. కొన్ని రకాల పిన్నులు వెనక్కి కాక ముందుకు వస్తాయి, అది కూడా ముందే చూసుకో.

క్రింపింగ్ దగ్గర మాత్రం ఏ రాజీ పనికిరాదు. మామూలు కటింగ్ ప్లయర్‌తో నొక్కిన పిన్ను ఆ రోజు పనిచేస్తుంది, ఆరు నెలలకు తిరిగి వస్తుంది. ఆ పిన్ను కొలతకు తగిన దవడలున్న రాచెట్ క్రింపింగ్ ప్లయర్ కొను. ఒక్క పోగు కూడా తెగకుండా తొడుగు తీయాలి. పిన్ను ముందు రెక్కలు రాగి పోగులను, వెనక రెక్కలు తొడుగును లేదా రబ్బరు సీలును పట్టాలి. ముందు రెక్కలు దాటి పోగులు అర మిల్లీమీటరు నుంచి ఒక మిల్లీమీటరు వరకు బయటికి కనబడాలి, రెండు జతల రెక్కల మధ్య రాగీ తొడుగూ రెండూ కనబడాలి. సీలును క్రింపుకు ముందే తీగకు తొడగడం మరిచిపోతే మొదటికొస్తుంది. క్రింపు చేశాక దాని మీద సాల్డర్ పోయవద్దు. సాల్డర్ పోగుల్లోకి పాకి తీగను బిరుసు చేస్తుంది, అదురుకు సరిగ్గా ఆ బిరుసు అంచు దగ్గరే తీగ తెగుతుంది. తీగ లోపల రాగి నల్లబడి ఉంటే మెరిసే రాగి కనబడేదాకా వెనక్కి కత్తిరించి, అదే మందం కొత్త ముక్క అతికి, లోపల జిగురున్న హీట్ ష్రింక్ స్లీవ్ వేయాలి. రెండు మూడు తీగలు అతకవలసి వస్తే అతుకులను ముందూ వెనకలుగా వేయి, లేకపోతే అక్కడ బుడిపె కట్టి పట్టీ సరిగా కూర్చోదు. కారులోని కంప్యూటర్ల మధ్య సమాచారం మోసే, మెలివేసి ఉన్న క్యాన్ తీగలైతే ఆ మెలికను చెడగొట్టకు.

పిన్ను గదిలోకి నెట్టినప్పుడు టిక్కుమన్న శబ్దం వినాలి, తీగను వెనక్కి కొద్దిగా లాగి చూడాలి, ఆ తరువాతే రెండో లాకు వేయాలి. సిలికాన్ గ్రీజు సీలు మీద పలచగా పూస్తే చాలు. కప్లర్ నిండా కూరితే మంచి కంటే చెడు ఎక్కువ. కప్లర్ బిగించాక, మీటరుతో వోల్టేజ్ తగ్గుదలను మళ్లీ కొలిచి కాగితం మీద రాసి, ఇంజను బాగా వేడెక్కేదాకా నీవే బండి నడిపి చూసిన తరువాతే యజమానికి అప్పగించు.

ఇంకొక్కటి, ఈ కారు విషయంలో మరీ ముఖ్యం. నీరు సీట్ల దాకా వచ్చిందన్నావు. ముందు సీట్ల కింద పసుపు రంగు కప్లర్లు ఉంటాయి, అవి ఎయిర్‌బ్యాగుకు, సీటు బెల్టుకు చెందినవి. వాటి మీద మీటరు గాని టెస్ట్ ల్యాంపు గాని ఎన్నడూ పెట్టకు. ఆ కొద్ది కరెంటుకే ఎయిర్‌బ్యాగు పేలే ప్రమాదం ఉంది. బ్యాటరీ తీసినా కొంతసేపు దానిలో శక్తి నిలిచి ఉంటుంది కనుక, ఆ కారు మాన్యువల్ చెప్పినంత సమయం ఆగాకే వాటిని తాకాలి. వాటిలో పిన్ను మార్చడానికి కంపెనీ ఒప్పుకోకపోతే తీగతో సహా మొత్తం కప్లర్‌నే మార్చాలి. హైబ్రిడ్, ఎలక్ట్రిక్ బండ్లలోని నారింజ రంగు తీగలు మన పని కాదు, వాటికి శిక్షణ పొందిన వారే కావాలి. కాబట్టి క్రాంక్ సెన్సార్ పని పూర్తయిందని బండి పంపేయకుండా, కార్పెట్ ఎత్తి కింద ఉన్న కప్లర్లనూ ఎర్త్ బోల్టులనూ చూడు. ఎయిర్‌బ్యాగు లైటు స్విచ్ వేయగానే వెలిగి ఆరుతున్నదో లేదో గమనించి, కనబడినదంతా యజమానికి రాతపూర్వకంగా ఇవ్వు. క్రాంక్ కప్లర్‌ను ఊడదీశాక ఆడ పిన్నుల ఫోటో దగ్గరగా తీసి నాకు పంపితే, ఏ రకం పిన్ను తెప్పించాలో రాస్తాను.

ఆశీస్సులతో,
నీ మామయ్య