సెటిల్‌మెంట్ కాగితం మీద ఇప్పుడే సంతకం వద్దండి

మీ తమ్ముడి బైక్‌ను కారు గుద్దిందని, మోకాలి ఆపరేషన్ కుట్లు కూడా మానకముందే ఇన్సూరెన్స్ వాళ్లు సెటిల్‌మెంట్‌కు తొందరపెడుతున్నారని రాశారు. దయచేసి ఆగండి. అలాంటి కాగితాల్లో సాధారణంగా ‘ఇకపై ఏ క్లెయిమూ ఉండదు’ అనే షరతు ఉంటుంది. సంతకం పడ్డాక మరో ఆపరేషన్ అవసరమైతే ఆ భారం చాలావరకు మీమీదే పడుతుంది.

మోకాలు ఎంత వంగుతుంది, శాశ్వత వైకల్యం మిగిలిందా అనేది చికిత్స ఒక కొలిక్కి వచ్చాకే తెలుస్తుంది. పరిహారంలో పెద్ద భాగం దాని మీదే ఆధారపడుతుంది. వైకల్యం శాతం ఒకటే అయినా నష్టం అందరికీ ఒకటి కాదు. రోజంతా నిలబడి పనిచేసే మెకానిక్‌కు మోకాలు పోతే సంపాదనే పోయినట్టు. అందుకే మీ తమ్ముడి పని ఏమిటో డాక్టర్‌కు వివరంగా చెప్పి రిపోర్టులో రాయించండి.

బిల్లులు ఎలాగూ దాస్తారు. చాలామంది మరిచిపోయేవి జీతం కోత, తోడున్నవాళ్లు మానుకున్న పని, రానుపోను ఖర్చులు. వాటికీ రుజువులు ఉంచండి.

హెల్మెట్ లేదని భయపెడుతున్నారన్నారు కదా, మోకాలి గాయానికీ హెల్మెట్‌కూ సంబంధమేమిటని గట్టిగా అడగండి.

అయితే క్లెయిమ్‌కు గడువు ఉంటుంది. చికిత్స పూర్తికాలేదని దాన్ని దాటనివ్వకండి. ఆఖరి తేదీ ఎప్పుడో ఈ వారమే లాయర్‌ను కలిసి తెలుసుకోండి.