5 కోట్ల పౌండ్ల కోసం ఆర్థిక మంత్రి రాజీనామా చేస్తారా?

ప్రశ్న: 1958లో బ్రిటన్ ఆర్థిక మంత్రి 5 కోట్ల పౌండ్ల తేడా దగ్గర రాజీనామా చేశారని చదివాను. అంత చిన్న మొత్తానికి ఎందుకు? ఆ రోజుల్లో కన్సర్వేటివ్ ప్రభుత్వాల్లో ఆర్థిక మంత్రులు అంత తొందరగా ఎందుకు మారిపోయేవారు?

నిజమేనండి, చేశారు. ఆయన పేరు పీటర్ థార్నీక్రాఫ్ట్. (బ్రిటన్‌లో ఆర్థిక మంత్రిని ఛాన్సలర్ అంటారు, నేనూ అలాగే రాస్తాను.) తేదీ 1958 జనవరి 6. ఒక్కరే కాదు, ఖజానా శాఖలో ఆయన చేతి కింద ఉన్న ఈనాక్ పవెల్, నైజెల్ బర్చ్ కూడా ఆయనతోపాటే బయటికి నడిచారు. తేడా మీరన్న 5 కోట్లే. మొత్తం ప్రభుత్వ ఖర్చులో అది ఒక్క శాతం కూడా కాదు.

నేను ఆర్థికశాస్త్రం చదువుకున్నవాణ్ణి కాను, లెక్కలు రాసేవాణ్ణి. మాది తెనాలి దగ్గర పల్లెటూరు. 1998లో ఇంగ్లండ్ వెళ్ళి, మిడ్‌లాండ్స్‌లో ఒక కౌన్సిల్‌లో (మన మున్సిపాలిటీ లాంటిదనుకోండి) బడ్జెట్ విభాగంలో పదకొండేళ్ళు పనిచేశాను. ఏటా చలికాలం వచ్చిందంటే కోతల జాబితా తయారుచెయ్యడం మా పని. ఒక ఏడాది పల్లెలకు పుస్తకాలు తీసుకెళ్ళే వ్యాను ఉంచాలా తియ్యాలా అని మూడు వారాలు వాదించుకున్నారు. దాని ఖర్చు మా బడ్జెట్‌లో ఏ మూలకూ రాదు. అయినా మా పై అధికారి పట్టు వదల్లేదు. ఈ వ్యాను దగ్గర మెత్తబడితే రేపు పెద్ద కోతల దగ్గర తన మాట ఎవరూ వినరని ఆయన భయం. చివరికి వ్యాను ఉండిపోయింది. వేసవి లోపల ఆయన వేరే ఊళ్ళో ఉద్యోగం చూసుకున్నారు. థార్నీక్రాఫ్ట్ కథ చదివినప్పుడు నాకు కొత్తగా అనిపించకపోవడానికి కారణం అదే.

చదవడమంటే లండన్ పక్కన క్యూ అనే చోట ఉన్న జాతీయ అభిలేఖాగారంలో. సెలవు పెట్టుకుని ఆ కాలపు మంత్రివర్గ సమావేశాల కాగితాలు చూశాను. లోపలికి పెన్ను తీసుకెళ్ళనివ్వరు, పెన్సిల్ మాత్రమే. గొంతులు చించుకుని పోట్లాడుకున్న సమావేశాన్ని కూడా "ఛాన్సలర్ ఇలా అభిప్రాయపడ్డారు" అన్న చల్లటి భాషలో రాసి ఉంచుతారు. వేడి ఎక్కడుందో చదివేవాళ్ళే పట్టుకోవాలి.

ఇక విషయానికి వస్తాను. 1951 నుంచి 1964 దాకా పదమూడేళ్ళు కన్సర్వేటివ్‌లే పాలించారు. ఆ కాలంలో ఆరుగురు ఛాన్సలర్లు. మొదటాయన రాబ్ బట్లర్ నాలుగేళ్ళున్నారు. మిగతా తొమ్మిదేళ్ళను ఐదుగురు పంచుకున్నారు.

అంత ఒత్తిడి ఎందుకంటే, యుద్ధం మిగిల్చిన రెండు మాటలకు ఆ మంత్రి కట్టుబడి ఉండాలి. ఒకటి, ఒక పౌండుకు 2.80 డాలర్లు. 1949లో లేబర్ ప్రభుత్వం 4.03 నుంచి తగ్గించి నిలబెట్టిన విలువ అది. (మన రూపాయి అప్పట్లో పౌండుకు ముడివేసి ఉండేది కాబట్టి అది కూడా అప్పుడే అంతే పడిపోయింది.) రెండోది, జనానికి పని ఉండాలి, 1930ల నాటి నిరుద్యోగం మళ్ళీ రాకూడదు. ఈ రెండూ ఒకదానికొకటి పడవు. చేతిలో డబ్బాడితే జనం కార్లూ రేడియోలూ కొంటారు, దిగుమతులు పెరుగుతాయి, డాలర్ నిల్వలు కరుగుతాయి. వెంటనే బ్యాంకు రేటు (బ్యాంక్ ఆఫ్ ఇంగ్లండ్ వడ్డీ రేటు) పెంచి, వాయిదాల మీద కొనడాన్ని బిగించాలి. బిగిస్తే ఫ్యాక్టరీలు మందగిస్తాయి, ఎన్నికలేమో దగ్గర పడుతుంటాయి. మళ్ళీ వదులు. దీన్నే వాళ్ళు స్టాప్-గో అన్నారు. ఛాన్సలర్‌కు ముందు నుయ్యి, వెనక గొయ్యి.

బట్లర్ సంగతే చూడండి. ఆయన పుట్టింది అటక్‌లో, అంటే ఇప్పటి పాకిస్తాన్‌లో. 1935 భారత ప్రభుత్వ చట్టాన్ని పార్లమెంటులో గట్టెక్కించడంలో చిన్న మంత్రిగా ఆయన పాత్ర ఉంది. ఛాన్సలర్ అయ్యాక 1952లో, పౌండును స్థిర విలువ నుంచి వదిలెయ్యాలన్న రహస్య పథకం ఒకటి మంత్రివర్గం ముందు పెట్టారు. దాని పేరు రోబోట్. నిరుద్యోగం పెరుగుతుందన్న భయంతో సహచరులు ఒప్పుకోలేదు. ఆ తర్వాత ఆయన విధానాలకూ, ఆయనకు ముందు లేబర్ ఛాన్సలర్‌గా ఉన్న గైట్‌స్కెల్ విధానాలకూ పెద్ద తేడా కనిపించక, 1954లో ది ఎకనామిస్ట్ పత్రిక ఇద్దరి పేర్లూ కలిపి "బట్‌స్కెల్" అని ఒక మనిషిని పుట్టించింది. నాకు ఆయనంటే గౌరవం. కానీ 1955లో ఆయన చేసింది మాత్రం సమర్థించలేను. ఏప్రిల్ బడ్జెట్‌లో ఆదాయపు పన్ను పౌండుకు 9 షిల్లింగుల నుంచి ఎనిమిదిన్నరకు దించారు (అప్పట్లో పౌండుకు 20 షిల్లింగులు, షిల్లింగుకు 12 పెన్నీలు). మేలో ఎన్నికలు గెలిచారు. అక్టోబరులో మరో బడ్జెట్ తెచ్చి గిన్నెలూ పెనాల మీద కూడా కొనుగోలు పన్ను వేశారు. జనం దానికి వంటగిన్నెల బడ్జెట్ అనే పేరు పెట్టారు. ఆ డిసెంబరుకల్లా పదవి పోయింది. అంతకు ఏడాది ముందే భార్య చనిపోయారు, మనిషి కుంగిపోయి ఉన్నారు. అది కూడా లెక్కలోకి తీసుకోవాలి.

ఆయన తర్వాత వచ్చిన హెరాల్డ్ మాక్మిలన్ ఛాన్సలర్‌గా ఉన్నది ఏడాది పైచిలుకు. లాటరీ లాంటి ప్రీమియం బాండ్లు ఆయన తెచ్చినవే, ఇప్పటికీ నడుస్తున్నాయి. మీ ప్రశ్నకు అంతకంటే ముఖ్యమైన సంగతి ఇంకొకటుంది. 1956 మొదట్లో రొట్టె, పాల మీద సబ్సిడీ తగ్గించకపోతే రాజీనామా చేస్తానని ఆయనే ప్రధాని ఈడెన్‌ను బెదిరించారు, చాలా వరకు పని సాధించుకున్నారు. అదే ఏడాది ఈజిప్టు మీద చేసిన సూయెజ్ కాలువ యుద్ధాన్ని ముందు గట్టిగా సమర్థించి, పౌండు మీద దెబ్బ పడి అమెరికా చెయ్యి అందించనప్పుడు ఆపెయ్యాలన్నదీ ఆయనే. 1957 జనవరిలో ఈడెన్ దిగిపోతే ప్రధాని అయ్యారు. అంటే థార్నీక్రాఫ్ట్ రాజీనామా బెదిరింపుతో వెళ్ళింది, ఆ ఆయుధాన్ని తానే వాడి చూసిన మనిషి దగ్గరికి.

థార్నీక్రాఫ్ట్ 1957 సెప్టెంబరులో బ్యాంకు రేటును ఒక్కసారిగా 5 నుంచి 7 శాతానికి పెంచారు. ధరలు పెరగడానికి ప్రభుత్వ ఖర్చే మూలమని, వచ్చే ఏడాది ఖర్చు ఈ ఏడాదికంటే పైసా పెరగకూడదని పట్టుబట్టారు. పొదుపు చాలా వరకు దొరికింది. చివరి 5 కోట్లు దొరకలేదు. పవెల్ లెక్కల్లో ముక్కుసూటి మనిషి, రాజీ పడవద్దని ఆయన ఒత్తిడి. అటువైపు మాక్మిలన్ యుద్ధానికి ముందు ఏళ్ళ తరబడి స్టాక్టన్ నుంచి పార్లమెంటు సభ్యుడు. ఈశాన్య ఇంగ్లండ్‌లోని ఆ ఊళ్ళో పనిలేక గుమ్మాల దగ్గర నిలబడ్డ మగవాళ్ళను కళ్ళారా చూశారు. ఆ దృశ్యం ఆయన్ను చచ్చేదాకా వదల్లేదని నా నమ్మకం. 5 కోట్ల వెనకున్న అసలు తగువు ఇదీ: ధరలు ముందా, పనులు ముందా అని.

మర్నాడే మాక్మిలన్ కామన్వెల్త్ పర్యటనకు విమానం ఎక్కుతూ, జరిగిందాన్ని చిన్న స్థానిక ఇబ్బందులుగా కొట్టిపారేశారు. మొదట దిగింది ఢిల్లీలోనే. స్వతంత్ర భారతానికి పదవిలో ఉండగా వచ్చిన మొదటి బ్రిటిష్ ప్రధాని ఆయన. మరుసటి నెలలో మన ఆర్థిక మంత్రి టి.టి. కృష్ణమాచారి కూడా ముంద్రా వ్యవహారంలో (ఎల్ఐసీ డబ్బును ముంద్రా అనే వ్యాపారి కంపెనీల వాటాల్లో పెట్టిన గొడవ) రాజీనామా చెయ్యాల్సి వచ్చింది. కారణాలు వేరు, కానీ రెండు నెలల్లో రెండు దేశాల ఆర్థిక మంత్రులు వెళ్ళిపోయారు.

తర్వాతి ఆయన హీత్‌కోట్ అమోరీ, నెమ్మదస్తుడు. 1959లో ఆదాయపు పన్ను పౌండుకు 9 పెన్నీలు, బీరు పైంటుకు 2 పెన్నీలు తగ్గించారు. అక్టోబరు ఎన్నికల్లో కన్సర్వేటివ్‌లకు 100 సీట్ల ఆధిక్యం వచ్చింది.

ఆ పండగ బిల్లు కట్టింది సెల్విన్ లాయిడ్. 1961 జులైలో మళ్ళీ 7 శాతం రేటు, దానితోపాటు జీతాల పెంపు నిలిపివేత. ప్రైవేటు కంపెనీల మీద ప్రభుత్వానికి పట్టు లేదు కాబట్టి దెబ్బ నర్సులకూ టీచర్లకూ తగిలింది. 1962 మార్చిలో, కన్సర్వేటివ్‌ల కంచుకోట అనుకున్న ఆర్పింగ్టన్‌లో లిబరల్ అభ్యర్థి గెలిచారు. మాక్మిలన్ కంగారుపడి ఆ జులైలో లాయిడ్‌తోపాటు మొత్తం ఏడుగురు మంత్రులను తీసేశారు, అంటే మంత్రివర్గంలో మూడో వంతు. అత్త మీద కోపం దుత్త మీద చూపించినట్టు. తాను ఒప్పుకున్న విధానాన్నే అమలు చేసిన మనిషిని అలా పంపడం నాకు ఆ పదమూడేళ్ళలో అన్నిటికంటే చెడ్డ పనిగా కనిపిస్తుంది. ఖర్చు అదుపు చెయ్యబోయిన ఛాన్సలర్‌ను ప్రధాని వదిలించుకోవడం ఇది రెండోసారి అని బర్చ్ టైమ్స్ పత్రికకు ఉత్తరం రాశారు. ఆరోవాడైన మాడ్లింగ్ ఈసారి బిగించకుండా ఆర్థిక వృద్ధి కోసం పరుగెత్తి చూద్దామన్నారు. 1964లో లేబర్‌కు అప్పగించిన ఖాతాలో దాదాపు 80 కోట్ల పౌండ్ల విదేశీ చెల్లింపుల లోటు ఉంది.

1970లో మళ్ళీ అధికారం వస్తే ఇయాన్ మక్లౌడ్ ఛాన్సలరైన నెల రోజులకే గుండెపోటుతో చనిపోయారు. ఆ తర్వాత ఛాన్సలరైన బార్బర్ 1972 బడ్జెట్‌తో మాడ్లింగ్ పరుగునే ఇంకా వేగంగా పరుగెత్తారు. దానికి చమురు ధరలు తోడై 1975లో ద్రవ్యోల్బణం 26 శాతం దాటింది. అప్పుడు కన్సర్వేటివ్‌లు వెనక్కి తిరిగి చూసి, థార్నీక్రాఫ్ట్ ముందే చెప్పాడుగా అన్నారు. పార్టీ కొత్త నాయకురాలు మార్గరెట్ థాచర్ థార్నీక్రాఫ్ట్‌ను పార్టీ ఛైర్మన్‌ను చేశారు.

నేనూ చాలాకాలం అదే పక్షం. లెక్కలు రాసేవాడికి ఖర్చు పెంచనన్న మంత్రి దేవుడిలా కనిపిస్తాడు. నా అభిప్రాయం కదిలింది నేను అద్దెకున్న ఇంటి పెద్దావిడ వల్ల. ఆ 5 కోట్ల కోసం థార్నీక్రాఫ్ట్ అడిగిన కోతల్లో ఒకటి, రెండో బిడ్డకు వారానికి ఇచ్చే 8 షిల్లింగుల కుటుంబ భత్యం. అప్పట్లో కార్మిక మంత్రిగా ఉన్న మక్లౌడ్ లాంటి వాళ్ళు దానికి అడ్డం నిలబడ్డారు. ఒక ఆదివారం టీ తాగుతూ ఈ సంగతి చెప్పాను. 1958లో ఆవిడకు ఇద్దరు పిల్లలు, భర్త అల్లిక వస్త్రాల మిల్లులో పని. థార్నీక్రాఫ్ట్ పేరు ఆవిడకు గుర్తు లేదు. ఆ 8 షిల్లింగులు మాత్రం గుర్తున్నాయి. మంగళవారం పోస్టాఫీసులో తన చేతికే ఇచ్చేవారట, భర్త చేతికి కాదు. దాన్ని ముట్టుకోకుండా టీ డబ్బాలో దాచి పిల్లల బూట్లకు వాడేదట. "ఎప్పుడు తీసేద్దామనుకున్నారు?" అని రెండుసార్లు అడిగింది. జనవరిలో అన్నాను. ఆ చలికాలం చిన్నవాడి పాదం ఎంత పెరిగిందో వేళ్ళతో కొలిచి చూపించింది.