చెక్కు కేసు రాజీ గురించి అల్లుడికి

చిరంజీవి శ్రీనివాస్‌కు మామ ఆశీస్సులు.

సమన్లు వచ్చినయని అక్క ఫోన్‌లో చెప్పింది. పురుగుమందుల డీలర్‌కు ఇచ్చిన నాలుగు లక్షల చెక్కు వాపస్ వచ్చింది, లాయర్ నోటీసు అందినా పదిహేను రోజుల్లో కట్టలేదు, ఇప్పుడు నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 138వ సెక్షన్ కింద చెక్కు బౌన్స్ కేసు. నర్సంపేటలో దుకాణం పెట్టుకొని హనుమకొండ కోర్టుకెందుకు తిరగాలని అడిగావట. డీలర్ ఖాతా ఉన్న బ్యాంకు ఎక్కడుంటే కేసు అక్కడే పడుతుంది, దాని మీద కొట్లాడి లాభం లేదు.

రెండేళ్ల దాకా జైలు, చెక్కు మొత్తానికి రెట్టింపు దాకా జరిమానా అని చట్టంలో ఉన్నమాట నిజమే. అదే చట్టం 147వ సెక్షన్ ఈ కేసును ఎప్పుడైనా రాజీ చేసుకోవచ్చంటోంది. అప్పు నిజమని నువ్వే ఒప్పుకుంటున్నావు కాబట్టి కేసు సాగదీయకు. కేసు ఒప్పుకోనంటే చెక్కు మొత్తంలో 20 శాతం దాకా మధ్యంతర పరిహారం కట్టమని కోర్టు ఆదేశించొచ్చు. ఆలస్యానికి ఖర్చులు కూడా ఉన్నాయి. 2025 సెప్టెంబరులో సుప్రీంకోర్టు పాత లెక్క తగ్గించి చెప్పింది: మన తరఫు సాక్ష్యం మొదలుకాకముందే చెక్కు మొత్తం కట్టేస్తే అదనంగా ఏమీ లేదు. ఆ తర్వాత తీర్పులోపు అయితే చెక్కు మొత్తం మీద అదనంగా 5 శాతం, సెషన్స్ కోర్టులోనో హైకోర్టులోనో అయితే 7.5, ఢిల్లీలో సుప్రీంకోర్టు దాకా పోతే 10.

పెద్దమనుషులను కూర్చోబెట్టి మిత్తి తగ్గించమని అడుగు, తప్పేం లేదు. పైసలు మాత్రం అక్కడ ఇవ్వకు. వరంగల్ ఎనుమాముల మార్కెట్ యార్డులో అడ్తి (కమీషన్ ఏజెంటు) దుకాణంలో నోట్లు లెక్కపెట్టి ఇచ్చి, తెల్లకాగితం మీద సంతకం తీసుకొని, పీడ వదిలిందని ఇంటికి పోయినవాళ్లను కోర్టులో బెంచ్ క్లర్కుగా పనిచేసినప్పుడు చాలామందిని చూసిన. కోర్టు ఫైలుకు ఆ కాగితం సంగతి తెలియదు. వాయిదాకు పోకపోతే నాన్ బెయిలబుల్ వారెంట్ వస్తుంది, మిర్చి అమ్ముకొని వచ్చిన మనిషిని స్టేషన్‌కు తీసుకపోతారు. డీడీ గానీ బ్యాంకు ట్రాన్స్‌ఫర్ గానీ చెయ్యి, నగదు వద్దు.

ఒకేసారి కట్టలేకపోతే లోక్ అదాలత్ మంచిది, ఫీజు లేదు. కానీ అక్కడ రాసిన అవార్డు సివిల్ డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు ఉండదు. కిస్తు తప్పితే అదే కాగితంతో నీ ఆస్తి మీదికి వస్తారు. అందుకే కిస్తులు నెలనెలా అని ఒప్పుకోకు. నీకు ఉద్దెర వసూలయ్యేది పత్తి అమ్ముడుపోయినంక, ఆ తర్వాత మిర్చికి. ఆ తేదీలే రాయించు. డీలర్ మొహమాటపడడు, నువ్వూ పడొద్దు. కిస్తులకు కొత్త చెక్కులు ఇమ్మంటే ఇవ్వకు. అవి కూడా బౌన్సయితే వాటి మీద వేరే కేసు వేయొచ్చని సుప్రీంకోర్టు 2021లోనే తేల్చింది.

జాయింట్ మెమో, అంటే మీరిద్దరూ కలిసి కోర్టుకిచ్చే రాజీ కాగితం, దాని మీద సంతకం పెట్టే ముందు నువ్వే చదువు, లాయర్ మీద వదిలెయ్యకు. కేసు నంబరు, చెక్కు నంబరు, మొత్తం, చివరి కిస్తు తేదీ. చెక్కు నంబరులో ఒక్క అంకె తప్పు పడ్డా తర్వాత సరిచేయించడానికి ఎన్ని వాయిదాలు పడతాయో చెప్పలేం. దుకాణంలో మీ తమ్ముడు కూడా పార్ట్‌నర్ గదా, ఫిర్యాదులో అతని పేరుంటే మెమోలో కూడా ఉండాలి.

ఇంకొకటి, చాలామంది మరిచిపోయేది ఇదే. సరుకు మొదలుపెట్టినప్పుడు ప్రామిసరీ నోటు, రెండు ఖాళీ చెక్కులు సెక్యూరిటీ కింద ఇచ్చావు గదా, అవి వాపస్ ఇస్తున్నట్టు మెమోలో రాయించు. చివరి పైసలు ఖాతాలో పడ్డ రోజే చేతికి తీసుకో. బీరువాలో వెతకాలి, రేపు పంపిస్తా అంటే అక్కడే కూర్చో.

వాయిదాకు రెండు రోజుల ముందే ఇంటికి రా. నోటీసు, సమన్లు, డీలర్ ఇచ్చిన బిల్లులు అన్నీ తెచ్చుకో.

మీ మామ