కాలి డాప్లర్‌లో ‘మోనోఫేజిక్’ అని వచ్చింది... నాళం మూసుకుపోయినట్టేనా?

ప్రశ్న: మాది శ్రీకాకుళం జిల్లా కవిటి మండలం. అమ్మకు 64 ఏళ్లు, 15 ఏళ్లుగా షుగర్. అడ్డపొగ (చుట్ట నిప్పు వైపు నోట్లో పెట్టుకుని తాగడం) అలవాటుంది. నాలుగు నెలలుగా 200 మీటర్లు నడిచేసరికి కుడి పిక్క పట్టేస్తోంది. రెండు నిమిషాలు నిలబడితే తగ్గుతోంది. డాప్లర్ (రక్తం పారే వేగం చూసే అల్ట్రాసౌండ్) తీయిస్తే కుడి తొడ ధమని పైభాగంలో వేగం సెకనుకు 80 సెంటీమీటర్లు, మధ్యలో 310, మోకాలి వెనక 35, ‘మోనోఫేజిక్’ అని రాశారు. ఎడమ కాలంతా ‘బైఫేజిక్’ అట. రెండు కాళ్లూ పాడైనట్టేనా? వెంటనే సీటీ యాంజియో (రక్తనాళాల సీటీ స్కాన్) చేయించమంటున్నారు. ఏం చేయాలి?
– ఒక పాఠకురాలు

జవాబు: ముందు ఎడమ కాలి సంగతి చూద్దాం. మీ భయంలో సగం దాని గురించే. విశ్రాంతిగా పడుకున్నప్పుడు కాలి ధమని గ్రాఫ్ గుండె కొట్టుకున్న ప్రతిసారీ మూడు భాగాలుగా వస్తుంది. ఇది ట్రైఫేజిక్. నిటారుగా లేచే సన్నని మొన, వెంటనే సున్నా గీత కిందికి చిన్న గుంట, ఆపైన మళ్లీ ఓ చిన్న మెట్ట. పనిలేని కండరంలో సన్న నాళాలు బిగుసుకుని ఉంటాయి. అందుకే గుండె తోసిన రక్తం కొంత వెనక్కి తన్నుకొస్తుంది. ఆ గుంట అదే. సాగిన నాళం గోడ ముడుచుకోవడం వల్ల చివరి మెట్ట వస్తుంది. వయసుతో గోడ గట్టిపడితే మెట్ట పోయి మొన, గుంట మిగులుతాయి. అదే బైఫేజిక్. అమ్మగారి వయసులో అది జబ్బు కాదు. ఈ పేర్లతో గందరగోళం పెరిగిందనే 2020లో అమెరికా రక్తనాళ వైద్య సంఘాలు ట్రైఫేజిక్, బైఫేజిక్ రెండింటినీ కలిపి ‘మల్టీఫేజిక్’ అనమన్నాయి. ప్రింటులో గ్రాఫ్ సున్నా గీత కిందికి దిగిందో లేదో మీరే చూడొచ్చు. దిగితే ఎడమ కాలికి దిగులు లేదు.

కుడి కాలిది మాత్రం పూడికే అనిపిస్తోంది. కాలువ తూము పూడితే మిగిలిన సందులోంచి నీరు చిమ్ముకుంటూ పోతుంది, దిగువన నీరసంగా పారుతుంది. ఇదీ అంతే. 310ని పైనున్న 80తో భాగిస్తే దాదాపు 3.9. ఈ నిష్పత్తి 2 దాటితే నాళం సగానికి పైగా, 4 దాటితే ముప్పావు వంతుకు పైగా ఇరుకైనట్టు లెక్క. అంటే బాగా ఇరుకైంది గానీ పూర్తిగా మూసుకుపోలేదు. రక్తం చాలని పిక్క కండరం తన సన్న నాళాలన్నీ తెరిచేస్తుంది. దాంతో మోకాలి వెనక గ్రాఫ్ మెల్లగా లేచి, మొన గుండ్రంగా తిరిగి, గుంట లేకుండా సున్నా గీత పైనే సాగుతుంది. ఇదే మోనోఫేజిక్.

అయితే మోనోఫేజిక్ అన్న ఒక్క మాట నాకు చాలదు. మొన ఎలా లేచిందో కూడా రిపోర్టులో ఉండాలి. పాదంలో చీము పట్టినా, నడిచొచ్చి వెంటనే బల్ల మీద పడుకున్నా గుంట పోతుంది. కానీ అప్పుడు మొన సూదిలా నిటారుగానే ఉంటుంది, వేగమూ తగ్గదు. అది పూడిక కాదు. అందుకే కనీసం పది నిమిషాలు పడుకోబెట్టాకే పరీక్ష మొదలుపెట్టాలి. ఇక కోణం. అల్ట్రాసౌండ్ కిరణానికీ రక్తప్రవాహానికీ మధ్య కోణం 60 డిగ్రీలు మించితే, చిన్న పొరపాటుకే వేగం లెక్క బాగా తప్పుతుంది. ఆ అంకె ప్రింటు మీదే ఉంటుంది. 80 దగ్గరా 310 దగ్గరా 60 లోపే ఉందా అని అడగండి.

చీలమండ బీపీని చేతి బీపీతో భాగించే ఏబీఐ పరీక్ష కూడా చేయించండి. 0.9 గానీ అంతకు తక్కువ గానీ వస్తే పూడిక ఉన్నట్టే. షుగర్ పాతబడినవారిలో నాళం గోడకు కాల్షియం పట్టి బీపీ పట్టీకి నొక్కుకోదు. అంకె 1.4 దాటిపోతుంది. అది చూసి బాగుందనుకోకూడదు. అప్పుడు కాలి బొటనవేలి బీపీ చూడాలి.

సీటీ యాంజియోకు తొందరపడొద్దు. అందులో అయోడిన్ మందు ఎక్కిస్తారు. మీది కిడ్నీ జబ్బులు ఎక్కువగా ఉన్న ఉద్దానం, పైగా అమ్మగారికి షుగర్. కిడ్నీల పనితీరు చెప్పే క్రియాటినిన్, ఈజీఎఫ్ఆర్ చూడకుండా ఆ మందు ఎక్కించనివ్వకండి. షుగర్‌కు మెట్‌ఫార్మిన్ వాడుతుంటే ముందే చెప్పండి. స్టెంట్ గానీ బైపాస్ గానీ చేద్దామని అనుకున్నప్పుడే సీటీ అవసరం. నడిస్తేనే నొప్పి వచ్చే ఈ దశలో మొదటి వైద్యం మందులూ నడకే. రక్తం గడ్డకట్టకుండా ఆస్పిరిన్ లేదా క్లోపిడోగ్రెల్, దాంతోపాటు కొలెస్ట్రాల్ తగ్గించే స్టాటిన్, డాక్టరు రాసిచ్చిన మోతాదులో వాడాలి. వారానికి కనీసం మూడు రోజులు, 30 నుంచి 45 నిమిషాలు నడవాలి. నొప్పి బాగా తెలిసేదాకా నడిచి, తగ్గేదాకా ఆగి, మళ్లీ నడవాలి. ఫలితం తెలియాలంటే 12 వారాలు పడుతుంది. చుట్ట మానకపోతే ఇదంతా వృథా. నిప్పు నోట్లో ఉన్నా బయట ఉన్నా నికోటిన్ చేరేది రక్తంలోకే. జీడితోటలోకి చెప్పుల్లేకుండా పంపకండి, పాదాలకు వేడి కాపడం పెట్టకండి.

రాత్రి పాదం సలిపి, మంచం కిందికి వేలాడేస్తే తగ్గుతున్నా, పుండు రెండు వారాల్లో మానకపోయినా, వేలు నల్లబడినా వెంటనే వాస్క్యులర్ సర్జన్‌కు (రక్తనాళాల సర్జన్) చూపించండి. కాలు ఉన్నట్టుండి పాలిపోయి, చల్లబడి, వేళ్లు కదలకపోతే మాత్రం మీ చేతిలో ఉన్నది ఆరు గంటలే. మీ ఊరి నుంచి విశాఖ 200 కిలోమీటర్లకు పైనే. తెల్లారాక చూద్దామనుకోకుండా 108కి ఫోన్ చేసి బయల్దేరండి.